రెండో వరుస గొంతు

మా ఆవిడ లిదియ కూనిరాగం తీస్తే అది ఏ పాటో కనిపెట్టడం ఎవరి తరమూ కాదు. పాట పైకి ఎక్కాల్సిన చోట ఆమె కిందికి దిగుతుంది. అందరి గొంతులూ వయ్యారాలు పోయే చోట ఆమె ఒకే స్వరం పట్టుకుని, బస్సు కోసం నిలబడ్డట్టు నిలబడిపోతుంది. మా అమ్మాయి జ్యోతి రెండో తరగతిలో ఉన్నప్పుడు, తల్లి ఇంట్లో రోజూ పాడే క్రిస్మస్ పాటను బళ్లో పాడి వినిపించింది. మర్నాడు టీచరమ్మ నన్ను పిలిపించింది. పిల్లకు మాటలన్నీ వచ్చాయి గానీ రాగం మాత్రం ఎవరో పూర్తిగా తప్పు నేర్పారని చెప్పింది. ఎవరు నేర్పారో చెప్పకుండా తల దించుకుని వచ్చేశాను.

నా పేరు కృపానందం. ఆర్టీసీలో ముప్పై ఒక్క ఏళ్లు కండక్టరుగా చేశాను, అందులో సగం వరంగల్–మరిపెడ రూటులోనే. గొంతు కావాలి తప్ప చెవి అక్కర్లేని ఉద్యోగం అది. కాబట్టి సంగీతం గురించి నోరెత్తే అర్హత నాకు లేదు. లేకపోయినా ఎత్తాను. ఎత్తి మా ఆవిడకు చేసిన అన్యాయం, అది సర్దుకున్న తీరు చెప్పుకోవాలనే ఇదంతా రాస్తున్నాను.

లిదియ పద్దెనిమిదో ఏట నర్సు ట్రైనింగు కోసం ఊరి నుంచి వరంగల్ వచ్చింది. హాస్టల్ అమ్మాయిల్లోంచి కొందరిని చర్చి క్వాయర్‌కు ఎంచుకునేవారట. పాట నేర్పే పెద్దావిడ ఈమె చేత నాలుగు స్వరాలు పాడించుకుని, గొంతు పైకి పోదు గానీ కింద గట్టిగా నిలబడుతుందని రెండో వరుసలోకి పంపింది. ఆ రోజు నిలబడ్డ మనిషి ఉద్యోగం వచ్చినా, పెళ్లయినా, జ్యోతి పుట్టినా, రిటైరయినా అక్కడి నుంచి కదలలేదు. హనుమకొండలో ఇల్లు కట్టుకునేటప్పుడు కూడా, ఆదివారం పొద్దున చర్చికి నడిచి పోయేంత దూరంలోనే స్థలం చూడాలని పట్టుబట్టింది.

క్వాయర్ సంగతి తెలియనివాళ్లకు ఒక్క మాట చెప్పాలి. మొదటి వరుస ఆడవాళ్లు పాడేది మనందరికీ తెలిసిన పాట. రెండో వరుసను ఆల్టో అంటారు. వాళ్లు అవే మాటలను, అదే తాళంలో, వేరే రాగంలో కాస్త కింద నుంచి పాడతారు. వెనక నిలబడే మగవాళ్లవి మరో రెండు రాగాలు. నాలుగూ కలిస్తేనే పాట నిండుగా ఉంటుంది. కానీ ఇంటికి పోయేటప్పుడు జనం నోట నిలిచేది మొదటి వరుస పాటే. ఆల్టోలో నిలబడ్డ మనిషి నేర్చుకోవాల్సిన మొదటి విద్య, పక్కవాళ్ల రాగం వెంట పోకపోవడం. చెవి పక్కనే పది గొంతులు తియ్యగా పైకి పోతుంటే తాను పోకుండా ఉండాలి. లిదియ నలభై ఏళ్లకు పైగా పోకుండా ఉంది. దాంతో ఏ పాట విన్నా ఆమె చెవి ముందుగా కింది రాగాన్నే వెతుక్కుంటుంది. అందరికీ వచ్చిన పై రాగం ఆమెకు రానే రాదు. ఆ వరుసలో నిలబడ్డవాళ్లకే వచ్చే జబ్బు ఇది, దీనికి మందు లేదు.

దవాఖానలో కూడా ఆమె ఇట్లాగే పాడుకుంటూ మందులిచ్చేది. కాలు విరిగి రెండు నెలలు మంచం మీద ఉన్న సమ్మమ్మ అనే ముసలావిడ, సూది వేయించుకునే ముందు, ఆ పేరు లేని పాట పాడితేనే చెయ్యి చాపుతానని మొండికేసేదట. లిదియ పాటను అడిగి పాడించుకున్న మనిషి నాకు తెలిసినంతలో ఆమె ఒక్కతే.

మా పెళ్లయిన రెండో ఏడు ఒక సినిమా వచ్చింది. పేరు చెబితే మీరు అందులోని పాటల గురించి మొదలుపెడతారు, అందుకే చెప్పను. కొత్తగా పెద్ద స్పీకర్లు పెట్టిన హాల్లో ఆడింది. నేను డబుల్ డ్యూటీ చేసి వచ్చి ఇంటర్వెల్‌కు ముందే నిద్రపోయాను. లిదియ తర్వాత తోటి నర్సులతో మరో రెండుసార్లు చూసింది. కథ కోసం కాదు. నాయిక వానలో ఒంటరిగా వంతెన దాటే చోట మూడు నిమిషాలు మాటలుండవు, నలభై యాభై మంది వాయించే ఆర్కెస్ట్రా ఒక్కటే ఉంటుంది. అక్కడి వయొలిన్ల రాగం అందరికీ వచ్చు. పెళ్లి బ్యాండువాళ్లు కూడా వాయించేవాళ్లు. లిదియ మాత్రం దాని కింద నడిచే ఇంకో రాగాన్ని ఇంటికి తెచ్చుకుంది. అప్పటి నుంచి బట్టలు ఆరేస్తున్నా, కూర తరుగుతున్నా అదే. ఏమిటది అంటే వంతెన కాడి మ్యూజిక్ అనేది. మేమెవరం ఒప్పుకోలేదు. వంతెన కాడి మ్యూజిక్ మాకు తెలియదా?

రెండేళ్ల కింద జ్యోతి ఈ గొడవ తేల్చేద్దామని ఫోన్లో ఆ సీను వెతికి పెట్టింది. ఎవరో టీవీలోంచి రికార్డు చేసి పెట్టిన వీడియో అది. బియ్యపు గింజంత స్పీకర్లోంచి హోరుమని వాన, దాని మీద సన్నగా వయొలిన్లు. లిదియ ఫోను చెవికి ఆనించుకుని మూడుసార్లు విన్నది. కింది రాగం ఎక్కడా లేదు. తానే కలగన్నానేమో అని ఫోను తిరిగి ఇచ్చేసింది. మేము బాగా నవ్వాం. ఆమె కూడా నవ్వింది, అందుకని తప్పు చేస్తున్నామని మాకు అనిపించలేదు.

పోయిన చలికాలం మా చర్చి సంఘమంతా పిక్నిక్‌కు పోయినప్పుడు నాకు మైకు ఇచ్చారు. మైకు చేతికొస్తే కండక్టరుకు ఒళ్లు తెలియదు. మా ఆవిడ నలభై ఏళ్లుగా క్వాయర్‌లో ఉన్నదని, ఇంతవరకు ఒక్క పాటైనా సరైన రాగంలో పాడగా నేను వినలేదని, అయినా భరిస్తున్న సంఘానికి వందనాలని అన్నాను. చప్పట్లు కొట్టి మరీ నవ్వారు. ఆ నవ్వినవాళ్లలో జోయెల్ కూడా ఉన్నాడు.

జోయెల్ మా క్వాయర్‌కు కొత్త లీడరు. ముప్పై దాటినవాడు, మడికొండ ఐటీ పార్కులో ఉద్యోగం. మంచివాడు, కష్టపడతాడు. ల్యాప్‌టాప్ తెరవకుండా ప్రార్థన కూడా మొదలుపెట్టడని నేను అంటుంటాను గానీ, కీబోర్డు మీద వాడి వేళ్లు ఆడితే ఎవరైనా ఆగి వినాల్సిందే. మా చర్చి డెబ్బై ఐదేళ్ల పండుగ వస్తోంది. ప్రతి ఏడూ ఆ పండుగ ఆరాధన ముగిసేటప్పుడు పాడే పాత కీర్తనకు జోయెల్ కీబోర్డులో కొత్త సొగసులు అద్దాడు. ఈ నాలుగు రాగాల గోల ఈ కాలంలో ఎవరూ వినరని, ఆడవాళ్లంతా ఒకే రాగం పాడితే రికార్డింగు శుభ్రంగా వస్తుందని చెప్పాడు. ఆల్టోలోని మిగతా ముగ్గురు సరేనన్నారు. లిదియ కూడా సరేనన్నది. పైరాగం పాడబోయింది. మొదటి లైను దాటిందో లేదో తనకు తెలియకుండానే తన పాత దారిలోకి దిగిపోయింది. మూడో లైనుకు వచ్చేసరికి ఆమె గొంతు, కీబోర్డు ఒకదాన్నొకటి కొట్టుకున్నాయి. జోయెల్ ఆపి మళ్లీ పాడించాడు. నాలుగుసార్లు ఆపాడు, నాలుగుసార్లూ అక్కడే గుద్దుకుంది.

ప్రాక్టీసు అయ్యాక వాడు పక్కకు పిలిచి చాలా మర్యాదగా చెప్పాడట. ఇంటికొచ్చి ఆ మాటలు ఆమే నాకు అప్పజెప్పింది.

"ఆంటీ, ఏమనుకోవద్దు. వయసుతోని చెవి జర మారుతది. అంకుల్ గూడ పిక్నిక్‌ల అన్నరు గదా. ఈసారి మీరు ముంగట కూసొని బైబిల్ వాక్యం చదవండి."

అంకుల్ గూడ అన్నరు గదా అనే మాట దగ్గర ఆమె నా వైపు చూడలేదు, కంచంలోకి చూసింది. నాకు తల కొట్టేసినట్టయింది. ఎగతాళికి అన్నానని చెప్పాను. తెలుసన్నది.

మర్నాడే దవాఖానకు పోయి చెవులు చూపించుకుంది. వయసుకు తగ్గట్టు బాగానే ఉన్నాయని డాక్టరు కాగితం రాసిచ్చాడు. ఆ కాగితం ఆమెకు ధైర్యం ఇవ్వలేదు. మిషన్‌కు చప్పుడు వినబడుతోందా లేదా అన్నదే తెలుస్తుంది గానీ రాగం ఏం తెలుస్తుంది అన్నది. నలభై ఏళ్ల నర్సు మిషన్లను నమ్మక ఇంకెవరిని నమ్మాలో నాకు అర్థం కాలేదు. మన సరిగమల్లాంటి డో రే మీ అక్షరాలతో ఆల్టో రాగాలన్నీ రాసుకున్న నోటుబుక్కు మూట కట్టి బీరువా పైన పెట్టింది. పండుగ రోజు వాక్యం చదివి, ఆ తర్వాత క్వాయర్‌కు నమస్కారం పెట్టేస్తానన్నది. అన్నిటికంటే నాకు భయం వేసింది ఒక్క విషయానికి. ఆమె కూనిరాగం మానేసింది. ముప్పై ఆరేళ్లు నేను ఎగతాళి చేసిన ఆ రాగం లేకపోతే మా ఇంట్లో కుక్కరు ఈల తప్ప ఇంకేమీ లేదని అప్పుడే తెలిసింది.

ఇక మా పక్కింటి రాంప్రసాద్ గురించి చెప్పాలి. ఇంజనీరింగు కాలేజీలో ఫిజిక్స్ ల్యాబు చూసుకుని రిటైరయ్యాడు. పెళ్లి చేసుకోలేదు. ఆయనకున్నది ఒకటే పిచ్చి, సినిమాల్లో మాటల వెనక వచ్చే ఆర్కెస్ట్రా సంగీతం వినడం. పాటలు కాదు, ఉత్త సంగీతం. అదీ లాస్‌లెస్‌లోనే వింటాడు. అంటే ఏమిటని ఒకసారి అడిగితే అరగంట చెప్పాడు. నాకు అర్థమైనంత వరకు, మామూలుగా ఫోన్లలో వినే పాటను చిన్నది చేయడానికి, జనం పట్టించుకోరనుకున్న శబ్దాలను తీసి పారేస్తారు. మా ఆర్టీసీ భాషలో చెప్పాలంటే, బస్సు నిండిందని చెప్పి నోరు లేనివాళ్లను స్టాపులోనే వదిలేసి పోవడం. లాస్‌లెస్‌లో ఎవరినీ వదలరు. టేపులో ఎంతమంది వాయిస్తే అంతమందీ దిగుతారు.

ఆయన వినే పద్ధతి కూడా ఒక తపస్సే. కిటికీలన్నీ మూస్తాడు. మే నెలలో కూడా ఫ్యాను ఆపేస్తాడు, ఆ గాలి చప్పుడు పడదట. చెవులకు పెద్ద హెడ్‌ఫోన్లు పెట్టుకుని గంట తర్వాత బయటికొస్తే చొక్కా పిండుకోవచ్చు. ఆ గదిలోకి మనుషుల్ని రానివ్వడు, వాళ్లు ఊపిరి పీలుస్తారని. ఆరేళ్లుగా పక్కపక్కన ఉంటున్నా మా గేటు దాటి లోపలికి వచ్చిన మనిషి కాదు.

అట్లాంటివాడు ఒక శనివారం మధ్యాహ్నం తడిసిన చొక్కాతోనే మా గేటు తీసుకుని లోపలికి వచ్చాడు. వదిన పదిహేను రోజుల సంది పాడుతలేదేందని అడిగాడు. ఇన్నాళ్లూ ఆమె పాట ఆయన వినికిడికి అడ్డం పడిందేమోనని, ఇక ఫికర్ చేయొద్దని, ఆ బాధ తీరిందని కాస్త కటువుగానే చెప్పాను. ఆయన నా మాట పట్టించుకోలేదు.

"అన్నా, ఆ వంతెన సీన్ల వయోలా లైను వదిన ఏడ నేర్చుకున్నది?"

వయోలా అంటే ఏమిటో నాకు తెలియదు. వయొలిన్ లాంటిదే, కాస్త పెద్దది, గొంతు కాస్త కిందిది అని చెప్పాడు. అసలు జరిగింది ఇది. ఆ సినిమా నేపథ్య సంగీతాన్ని స్టూడియోలో దాచిన పాత టేపుల నుంచి తీసి, మాటలూ వానా ఏమీ లేకుండా, ఏదీ కుదించకుండా ఆ వారమే విడుదల చేశారట. ఈయన తన తపస్సులో కూర్చుని వింటుంటే, వయొలిన్ల కింద వయోలాలు వాయిస్తున్న రాగం తనకు ముందే తెలిసినట్టు అనిపించింది. ఎక్కడ విన్నానా అని రెండు రోజులు కొట్టుకున్నాడు. చివరికి మొక్కలకు నీళ్లు పోస్తుంటే గుర్తొచ్చింది. ఆరేళ్లుగా పొద్దున పూట మా గోడ మీదుగా వస్తున్న కూనిరాగం అదే.

నేను లోపలికి పరుగెత్తాను. లిదియ రానన్నది. గిన్నెలున్నాయన్నది, మోకాలు నొప్పన్నది. చివరికి రాంప్రసాద్ వంటింటి గుమ్మం దాకా వచ్చి, మూడు నిమిషాలే వదినా అని బతిమాలాడు. చేతులు కొంగుకు తుడుచుకుంటూ వచ్చింది.

ఆయన గదిలో మేము ముగ్గురం. ఫ్యాను ఆగింది. హెడ్‌ఫోన్లు ఆమె తలకు పెట్టి ఆయన ఏదో నొక్కాడు. నాకు ఏమీ వినబడటం లేదు, ఆమె ముఖం ఒక్కటే కనబడుతోంది. మొదట ఊరికే కూర్చుంది. తర్వాత కళ్లు మూసుకుంది. ఉన్నట్టుండి ఒళ్లో ఉన్న కుడి చెయ్యి లేచి తాళం వేయడం మొదలుపెట్టింది. కాసేపటికి పాడసాగింది. చెవులు మూసి ఉన్నాయి కాబట్టి తాను ఎంత గట్టిగా పాడుతోందో ఆమెకు తెలియదు. ఆ గదంతా ఆమె గొంతే. రాంప్రసాద్ నా చెయ్యి పట్టుకుని, మెల్లగా ఒక స్విచ్చు తిప్పి స్పీకర్లలో కూడా వచ్చేట్టు చేశాడు. పైన అందరికీ తెలిసిన వయొలిన్లు. వాటి కింద ఏదో ఉంది. అది ఎక్కడుందో నాకు తెలియక, ఆమె గొంతు వెంటే పోయాను. పోతే దొరికింది. ఆమె దిగిన చోట అది దిగింది, ఆమె నిలబడ్డ చోట అది నిలబడింది. ఒక్క స్వరం తేడా లేదు. ముప్పై అయిదేళ్ల కింద మూడుసార్లు విన్న రాగం. ఏ ఫోనూ, ఏ టీవీ మళ్లీ వినిపించని రాగం. దాన్ని ఈ మనిషి చెడిపోకుండా మోసింది. నాకు ఒళ్లు పులకరించింది. అంతకు మించి సిగ్గు కూడా వేసింది, అబద్ధం చెప్పను.

మళ్లీ వేయమన్నది. మళ్లీ వేశాడు. మూడోసారి అయ్యాక హెడ్‌ఫోన్లు తీసి, ఆ రాగం ఎంతమంది వాయించి ఉంటారని అడిగింది. ఎనిమిది మందో పది మందో ఉంటారన్నాడు. వాళ్ల పేర్లు ఎక్కడైనా రాశారా అని అడిగింది. ఆయన వెతికి చూసి, లేవన్నాడు.

"ఉండయి తియ్యండి సారు. మాయి గూడ ఏడ ఉండయి," అని నవ్వింది. లేచి నిలబడి నా వైపు తిరిగింది. "నా చెవి మంచిగనే ఉన్నది."

రాంప్రసాద్ నిజాయితీ గలవాడు. ఇది ఒక్క ఫైలు మహిమ కాదని, మంచి టేపు, మంచి హెడ్‌ఫోన్లు, చప్పుడు లేని గది అన్నీ కలిస్తే వినబడిందని, ఫోన్లో అది వాన కింద మునిగిపోయి ఉంటుందని మాకు వివరించబోయాడు. మేమిద్దరం వినే స్థితిలో లేము.

సోమవారం బండి తీసి నేరుగా మడికొండ పోయాను. జోయెల్‌ను లంచ్ టైములో ఆఫీసు గేటు బయటికి పిలిచి, పిక్నిక్‌లో నేను నోరు జారానని, నాకు రాగమంటే ఏమిటో తెలియదని, తెలియనివాడి మాట పట్టుకుని తెలిసిన మనిషిని పక్కన పెట్టొద్దని చెప్పాను. వాడు తడబడ్డాడు. నా మాట ఒక్కటే కాదని, మూడో లైన్లో నిజంగానే కొట్టుకుంటోందని అన్నాడు. అయితే ఆదివారం ఆరాధన కాగానే వచ్చి నువ్వే విను అన్నాను.

వచ్చాడు. రాంప్రసాద్ గదిలో ఆ రోజు నలుగురం. పాపం ఆయన మా మూడు ముక్కుల వైపు భయంగా చూశాడు. జోయెల్ సంగీతం తెలిసినవాడు, నాలాగా ఎవరి గొంతు వెంటా పోవాల్సిన పని లేదు. అర నిమిషంలోనే ముఖం మారిపోయింది. విన్నంతసేపూ లిదియ వైపు చూస్తూ ఉండిపోయాడు. అయిపోగానే లిదియ, ఇప్పుడు మన కీర్తన పాడదాం, నువ్వు పైది పాడు, కీబోర్డు వద్దు అన్నది. ఇద్దరే పాడారు. మొదటి లైను, రెండో లైను, మూడో లైను. ఎక్కడా గుద్దుకోలేదు. వాడి పాటకు కింద నుంచి ఎవరో చెయ్యి ఆనించినట్టు ఉంది. జోయెల్ మూడో లైను మళ్లీ పాడించాడు. తర్వాత ఫోను తీసి తాను రాసుకున్నవి చూసుకున్నాడు. కీబోర్డు మీద మూడు నాలుగు మెట్లు ఒక్కసారిగా నొక్కితే వచ్చే శబ్దాన్ని వాళ్లు కార్డ్ అంటారు. కొత్త సొగసుల కోసం ఆ మూడో లైన్లో పాత కార్డ్ తీసేసి తనకు నచ్చింది ముందే పెట్టి ఉన్నాడు.

"ఆంటీ, మీరు తప్పు పాడలే. అక్కడ కార్డ్ నేను మార్చిన. కొట్టుకున్నది నాది."

ఆ మాట వాడు గట్టిగానే అన్నాడు. కార్డ్ పాతదే పెట్టేస్తానని, లిదియ మళ్లీ రెండో వరుసలో నిలబడాలని అడిగాడు. నేనైతే అక్కడికక్కడే ఒప్పేసుకునేవాణ్ణి. మా ఆవిడ ఒప్పుకోలేదు.

"నన్నొక్కదాన్ని పిలుస్తె ఎట్లయితది? ఆల్టో అంటె వరుస. మిగతా ముగ్గురిని గూడ పిలువు. నీ కార్డ్ మంచిగనే ఉన్నది, ఉండనియ్యి. అక్కడ నా రాగం ఒక్క స్వరం కిందికి దించుకుంట."

నలభై ఏళ్లు పాడిన రాగాన్ని పండుగ ముందు మూడు వారాల్లో మార్చుకుంటానంటోంది. మార్చింది కూడా. బీరువా పైనుంచి నోటుబుక్కు దింపి, ఆ ఒక్క స్వరం కొట్టేసి పక్కన కొత్తది రాసింది. మా వరండాలోనే ప్రాక్టీసు. మిగతా ముగ్గురు నెల రోజులు పైరాగం పాడి పాత దారి మరిచిపోయారు. పాడుతూ పాడుతూ పైకి పోయేవాళ్లు. లిదియ కోప్పడలేదు. వాళ్లను తీసుకుపోయి రాంప్రసాద్ గదిలో కూర్చోబెట్టి, పైవాళ్లు ఎంత పిలిచినా వయోలాలు పోకుండా ఎట్లా ఉన్నాయో వినమన్నది. ఊపిరి చప్పుడే పడని మనిషి గదిలో నలుగురు ఆడవాళ్లు, వాళ్ల గాజులు. ఆయన గాజుల గురించి ఒక్క మాట అనలేదు. పైగా చాయ్ పెట్టాడు.

నేను కూడా పోయేవాణ్ణి. నాకు ఒక స్వార్థం ఉంది. ఇన్నేళ్లలో చర్చిలో క్వాయర్ పాడుతుంటే మా ఆవిడ పెదాలు కదలడం చూశాను గానీ ఆమె గొంతు విడిగా నాకు ఎప్పుడూ వినబడలేదు. ఆ సంగతి ఆమెతో అనలేదు. రాంప్రసాద్‌తో అన్నాను. అన్నా, పైది ఇడిచిపెట్టు, అది ఎట్లాగూ ఎక్కడికీ పోదు, కిందికి చూడు అని ఆయన చెప్పాడు. చెప్పినంత తేలిక కాదు. మూడు వారాలు ఆ మూడు నిమిషాలు విని విని, చివరి రోజుల్లో ఎవరూ పాడకపోయినా వయోలాలను నా అంతట నేను పట్టుకోగలిగాను.

పండుగ రోజు చర్చి కిటకిటలాడింది. నేను ఎప్పుడూ తలుపు దగ్గర కూర్చునేవాణ్ణి, ఆ రోజు ముందు నుంచి నాలుగో బల్ల పట్టుకున్నాను. వాక్యం ఎవరో పిల్ల చదివింది. లిదియ తెల్ల చీర కట్టుకుని రెండో వరుసలో, ఎప్పటి చోటే నిలబడింది. ముగింపు కీర్తన ఎత్తుకున్నారు. మొదటి చరణంలో నాకు అందరి పాటే వినబడింది. రెండో చరణంలో కళ్లు మూసుకుని పైదాన్ని వదిలేశాను. కింద నాలుగు గొంతులు. వాటిలో ఒకటి నాకు తెలిసింది. గిన్నెల మధ్య, బట్టల తీగ కింద, రోజూ విన్నదే. ఇంత పెద్ద పాటను కింద నుంచి మోస్తోంది. మూడో చరణం మూడో లైన్లో, కొత్తగా రాసుకున్న ఆ స్వరం మీదికి దిగింది. నా కళ్ల వెంట నీళ్లు కారుతుంటే తుడుచుకోలేదు. మా ఆవిడ అని లేచి అరవాలనిపించింది. అంత గర్వం నాకు నా జీవితంలో దేనికీ కలగలేదు.

ఆరాధన అయ్యాక బయట జనమంతా జోయెల్ చుట్టూ మూగారు. మా సంఘం పెద్ద సదానందం నా దగ్గరికొచ్చి, ఈసారి పాట నిండుగా ఉన్నదే, కొత్త కీబోర్డు కొన్నారా అని అడిగాడు. నేను మరిపెడ బస్టాండులో పిలిచే గొంతుతో, కీబోర్డు కాదు, ఆల్టో, పాడింది మా ఆవిడ అన్నాను. గేటు దాకా అందరూ తిరిగి చూశారు. లిదియ వచ్చి నా చెయ్యి పట్టుకుని పక్కకు లాగింది.

"ఏంది ఆ లొల్లి? మా రాగం విడిగ ఇనబడొద్దు, కలువాలె."

నాకు వినబడిందని చెప్పాను. ఆమె నమ్మలేదు. ఎక్కడ వినబడిందో చెప్పమన్నది. పరీక్ష పెట్టినట్టే అడిగింది.

"మూడో చరణం, మూడో లైను. నువ్వు కిందికి దిగినవ్. మిగిలిన ముగ్గురి కంటె జరంత ముందే దిగినవ్," అన్నాను.

ఆమె చటుక్కున ఆగిపోయింది. జోయెల్ పట్టుకోలేదు. పక్కన నిలబడి పాడినవాళ్లు పట్టుకోలేదు. కొత్త స్వరం కాబట్టి తడబడతానేమోనని భయపడి అర మాత్ర ముందే వేసేసిందట. తన ఒక్కదానికే తెలుసనుకుంది. కాసేపు నన్ను కొత్త మనిషిని చూసినట్టు చూసింది. తర్వాత చర్చి ముందు, అందరూ చూస్తుండగా, పట్టుకున్న నా చెయ్యి వదలకుండానే పగలబడి నవ్వింది.

"ముప్పై ఆరేండ్లకు నా తప్పు ఒక్కటి సరిగ్గ పట్టిన్రు," అన్నది.

ఆ మాటను నేను ఆ రోజు కనబడ్డవాళ్లందరికీ చెప్పుకున్నాను.